నిమ్మ ఉప్పు ధరకు మొక్కజొన్నే మూలం
తోటలతో సంబంధం లేని సరకు... చైనా లెక్కలతోనే మన మార్కెట్

గూడూరు: నిమ్మ ధర పడిపోయిన ప్రతిసారీ గూడూరు, పొదలకూరు, రాపూరు ప్రాంతాల్లో ఒక మాట వినవస్తుంది. అమ్ముడుపోని కాయతో నిమ్మ ఉప్పు తయారుచేసే కర్మాగారం ఒకటి ఇక్కడే నెలకొల్పితే రైతు గట్టెక్కుతాడన్నది ఆ మాట. కిరాణా దుకాణంలో చిన్న పొట్లంగా అమ్ముడయ్యే ఆ తెల్లటి పలుకులకు నిమ్మ పేరు ఉండటం వల్ల ఈ ఆశ సహజమే. అయితే నేడు మార్కెట్‌లో దొరుకుతున్న నిమ్మ ఉప్పులో నిమ్మరసం చుక్క కూడా లేదు. అది మొక్కజొన్న పిండి నుంచో, కర్రపెండలం నుంచో, చక్కెర మిల్లుల మొలాసిస్ నుంచో బూజు సాయంతో పుడుతోంది. దాని ధర గూడూరు మార్కెట్‌లో కాక చైనాలోని షాన్‌డాంగ్ రాష్ట్రంలో నిర్ణయమవుతోంది.

ఈ సరకుతో పనిపడే వారు జిల్లాలో తక్కువేమీ కారు. గోలీ సోడా, షర్బతు తయారీదారులు, పచ్చళ్ల వ్యాపారులు, మిఠాయి దుకాణాలు, ఐస్ తయారీ కేంద్రాలు, పాలు విరగ్గొట్టి పనీరు చేసేవారు దీనిని కొంటారు. అటు నిమ్మ రైతులకు, ఇటు ఈ చిన్న వ్యాపారులకు కూడా ఈ సరకు పుట్టుపూర్వోత్తరాలు తెలియడం అవసరం.

ఏమిటీ సరకు?

నిమ్మ ఉప్పు నిజానికి ఉప్పు కాదు, ఆమ్లం. రసాయన శాస్త్రంలో దీనిని సిట్రిక్ ఆమ్లం అంటారు. 1784లో స్వీడన్ శాస్త్రవేత్త కార్ల్ విల్‌హెల్మ్ షీలే నిమ్మరసం నుంచి దీనిని తొలిసారి స్ఫటికాల రూపంలో వేరుచేశాడు. ఆహార పదార్థాల పొట్లాలపై ‘ఆమ్లత నియంత్రకం 330’ అని కనిపించేది ఇదే. ప్రపంచంలో తయారయ్యే సిట్రిక్ ఆమ్లంలో సగానికి పైగా ఆహార, పానీయ పరిశ్రమలకే పోతుంది. మిగిలినది మందులు, బట్టల సబ్బు పొడులు, సౌందర్య సాధనాలు, బాయిలర్లలో పేరుకునే సున్నపు పొర తొలగింపు వంటి వాటికి వినియోగమవుతుంది.

వైద్యరంగంలోనూ దీనికి చోటుంది. అతిసార రోగులకు ఇచ్చే ఓఆర్‌ఎస్ ద్రావణంలో ఈ ఆమ్లపు సోడియం లవణం లీటరుకు 2.9 గ్రాములు ఉంటుంది. రక్తనిధి సంచుల్లో రక్తం గడ్డకట్టకుండా కాపాడేది కూడా సిట్రేటే. కడుపుబ్బరానికి నీటిలో కలుపుకునే పొంగు ఉప్పులో వంట సోడాతో కలిసి నురగ లేపే ఆమ్లమూ ఇదే. చక్కెర పాకం గడ్డకట్టి పలుకులు తేలకుండా మిఠాయి వంటవారు వేసే చిటికెడు పొడీ ఇదే.

దీనిపై వదంతులకూ కొదవలేదు. 1970 దశకంలో ఫ్రాన్స్‌లో విల్‌జుయిఫ్ ఆసుపత్రి పేరుతో ఒక నకిలీ కరపత్రం వ్యాపించి, 330 సంఖ్య గల ఈ పదార్థమే అన్నిటికంటే ప్రమాదకరమని ప్రచారం చేసింది. ఆసుపత్రి తనకు సంబంధం లేదని ప్రకటించినా అది ఏళ్ల తరబడి యూరప్ అంతా తిరిగింది. మన శరీర కణాల్లో శక్తి పుట్టే క్రమంలో ఈ ఆమ్లం పాత్రను 1937లో హాన్స్ క్రెబ్స్ కనుగొన్నాడు. జర్మన్ భాషలో క్రెబ్స్ అంటే క్యాన్సర్ అనే అర్థం కూడా ఉండటమే ఈ పుకారుకు మూలమని చెబుతారు. పళ్ల మీది పింగాణీ పొరను తరచూ తాగే పుల్లటి పానీయాలు అరగదీస్తాయన్నది మాత్రం పుకారు కాదు, నిజమే.

కాయ నుంచి తీస్తే గిట్టుబాటు ఎంత?

నిమ్మ రైతు ఆశను లెక్కలో పెట్టి చూడవచ్చు. పుల్లటి నిమ్మరసంలో లీటరుకు సుమారు 45 నుంచి 48 గ్రాముల సిట్రిక్ ఆమ్లం ఉంటుంది. మన కాగితపు నిమ్మలో బరువులో దాదాపు సగం రసమే. ఆ ప్రకారం టన్ను కాయ పిండితే 450 లీటర్ల రసం, అందులో 20 కిలోల పైచిలుకు ఆమ్లం లభిస్తుంది. వడపోతలోనూ, స్ఫటికీకరణలోనూ పోయేది పోగా 20 కిలోలు చేతికి వస్తే గొప్పే. అంటే కిలో నిమ్మ ఉప్పు తీయడానికి 50 కిలోల కాయ, లెక్కకు వెయ్యికి పైగా నిమ్మకాయలు కావాలి.

కిలో కాయ 5 రూపాయలకు పడిపోయిన రోజున కూడా ఆ 50 కిలోల విలువ 250 రూపాయలు. కోత కూలి, బస్తా, రవాణా కలిపితే ఆ ధర రైతుకు ఖర్చులకే చాలదు. కాగా 2021-22 నాటి ఉప్పెన తగ్గాక దేశీయ టోకు మార్కెట్‌లో దిగుమతి సిట్రిక్ ఆమ్లం ఎక్కువ కాలం కిలో వంద రూపాయల లోపే పలికింది. ఆ ధర ప్రకారం టన్ను నిమ్మకాయల్లోని ఆమ్లం మొత్తం విలువ రెండు వేల రూపాయలు దాటదు. యంత్రాలు, కరెంటు, కూలీల ఖర్చు సున్నా అనుకున్నా, కర్మాగారం రైతుకు కిలోకు రెండు రూపాయలకు మించి ఇవ్వలేదు. ఈ లెక్క తెలిసీ నిమ్మ ఉప్పు కర్మాగారం హామీ ఇచ్చేవారు ఉంటే వారిని రైతులు మరోసారి ప్రశ్నించవలసి ఉంది.

సిసిలీలో జరిగింది ఇదే

ఈ అనుభవం ఒకప్పుడు ఇటలీ నిమ్మ రైతులకు ఎదురయింది. పందొమ్మిదో శతాబ్దం చివరి నుంచి మొదటి ప్రపంచ యుద్ధం దాకా ప్రపంచానికి కావలసిన సిట్రిక్ ఆమ్లం ముడిసరకు దాదాపు అంతా ఇటలీ నుంచే, ముఖ్యంగా సిసిలీ దీవి నుంచే వెళ్లేది. తాజాగా ఎగుమతికి పనికిరాని కాయను పిండి, రసాన్ని మరగబెట్టి, సున్నం కలిపి కాల్షియం సిట్రేట్‌గా మార్చి ఓడలకెక్కించేవారు. బ్రిటన్, అమెరికా కర్మాగారాలు దాని నుంచి ఆమ్లం తీసేవి. పోటీ లేని వ్యాపారం కనుక నాసి కాయకు కూడా అక్కడ విలువ ఉండేది.

అయితే 1893లోనే కార్ల్ వేమర్ అనే జర్మన్ శాస్త్రవేత్త చక్కెర ద్రావణంపై పెరిగే కొన్ని బూజులు సిట్రిక్ ఆమ్లాన్ని తయారుచేస్తాయని గుర్తించాడు. 1917లో అమెరికాలో జేమ్స్ కరీ అనే శాస్త్రవేత్త ఆస్పర్‌జిల్లస్ నైగర్ అనే నల్లబూజు ఈ పనిని సమర్థంగా చేస్తుందని నిరూపించాడు. నిల్వ ఉల్లిగడ్డల పొరలపై మసిలా కనిపించే నల్లబూజు ఆ జాతిదే. యుద్ధంతో ఇటలీ సరఫరా దెబ్బతిన్న తరుణంలో, 1919లో ఫైజర్ సంస్థ న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో ఈ పద్ధతిలో ఉత్పత్తి ఆరంభించింది. 1929లో బెల్జియంలోని టీనెన్‌లో మరో కర్మాగారం వెలిసింది. తరువాతి కొద్ది సంవత్సరాల్లోనే ఇటలీ గుత్తాధిపత్యం కూలిపోయింది. నాసి నిమ్మకాయకు ఉన్న ఆ గిరాకీ మళ్లీ తిరిగి రాలేదు.

ఈ బూజు పరిశ్రమలో సంపాదించిన అనుభవమే రెండో ప్రపంచ యుద్ధ కాలంలో పెద్ద తొట్లలో పెన్సిలిన్ ఉత్పత్తికి ఫైజర్‌కు అక్కరకు రావడం విశేషం.

తయారీ విధానం

నేటి కర్మాగారాల్లో మొక్కజొన్న పిండిని ముందుగా ఎంజైముల సాయంతో చక్కెర ద్రావణంగా మారుస్తారు. శుభ్రపరచిన పెద్ద ఉక్కు తొట్లలో నింపి, ఎంపిక చేసిన నల్లబూజు బీజాలను కలిపి, సుమారు 30 డిగ్రీల వేడి వద్ద నిరంతరం గాలి పంపుతూ దాదాపు వారం రోజులు పులియబెడతారు. బూజుకు చక్కెర దండిగా అందించి, ఇనుము, మాంగనీసు వంటి ఖనిజాలను బాగా తగ్గించడంలోనే కిటుకంతా ఉంది. ఆ లోటులో బూజు తాను పెరగడం తగ్గించి చక్కెరను ఆమ్లంగా మార్చి బయటకు వదులుతుంది.

ఆ తరువాత బూజును వడగట్టి, ద్రావణానికి సున్నం కలిపితే కాల్షియం సిట్రేట్ అడుగున చేరుతుంది. దానికి గంధకికామ్లం చేరిస్తే సిట్రిక్ ఆమ్లం విడిపడి, జిప్సం మిగులుతుంది. రంగు తీయడానికి ఉత్తేజిత బొగ్గు గుండా పంపి, ఆవిరి చేసి, స్ఫటికాలు కట్టిస్తారు. టన్ను ఆమ్లానికి రెండు టన్నుల లోపు మొక్కజొన్న సరిపోతుంది. టన్ను ఆమ్లానికి 50 టన్నుల నిమ్మకాయలు కావాలన్న పై లెక్కతో దీన్ని పోల్చి చూస్తే పోటీ ఎంత అసమానమో తెలుస్తుంది.

చైనా చేతిలో పగ్గాలు

ప్రపంచంలో ఏటా 20 లక్షల టన్నులకు పైగా సిట్రిక్ ఆమ్లం తయారవుతుండగా అందులో సింహభాగం చైనాదే. షాన్‌డాంగ్ రాష్ట్రంలోని వైఫాంగ్, రిఝావో, అన్‌హుయీ రాష్ట్రంలోని బెంగ్‌బు వంటి మొక్కజొన్న అందుబాటులో ఉన్న చోట్ల భారీ కర్మాగారాలు ఉన్నాయి. మిగతా దేశాల్లో ఆస్ట్రియాకు చెందిన ఉత్పత్తిదారులు, బెల్జియం, అమెరికా, థాయ్‌లాండ్ కర్మాగారాలు ప్రధానమైనవి. మన దేశ అవసరాల్లో అధిక భాగం దిగుమతుల ద్వారానే, అదీ ఎక్కువగా చైనా నుంచే తీరుతోంది.

చైనా సరకు మరీ చౌకగా వచ్చి తమ కర్మాగారాలను ముంచుతోందంటూ యూరోపియన్ యూనియన్ 2008 డిసెంబరులో యాంటీ డంపింగ్ సుంకం విధించింది. 2009లో అమెరికా చైనాతో పాటు కెనడా సరకుపైనా సుంకాలు వేసింది. చైనా సరకు మలేసియా మీదుగా మళ్లి వస్తోందని తేలడంతో 2016లో యూరప్ ఆ సుంకాన్ని మలేసియాకు కూడా వర్తింపజేసింది. 2018లో అమెరికా బెల్జియం, కొలంబియా, థాయ్‌లాండ్‌లను సైతం జాబితాలో చేర్చింది. పెద్ద మార్కెట్లు తలుపులు మూసిన కొద్దీ మిగులు సరకు ఆసియా, ఆఫ్రికా దేశాల వైపు మళ్లడం వ్యాపార సహజం. మన సోడా తయారీదారుకు అది చౌక సరకు. దేశంలో కర్మాగారం పెట్టాలనుకునే వారికి అదే అడ్డుగోడ.

ఒకే దేశంపై ఆధారపడితే ఏమవుతుందో 2021లో బోధపడింది. చైనాలో మొక్కజొన్న ధర అప్పటికే పెరిగి ఉంది. కరోనా అనంతరం కంటెయినర్ల కొరతతో ఓడ కిరాయి ఆకాశాన్నంటింది. ఆ ఏడాది సెప్టెంబరులో అక్కడి రాష్ట్రాలు కర్మాగారాలకు విద్యుత్ కోతలు విధించాయి. ఈ మూడూ కలిసి సిట్రిక్ ఆమ్లం ధరను కొద్ది నెలల్లోనే రెట్టింపును మించి లేపాయి. 2022 ద్వితీయార్ధం నుంచి కిరాయిలు దిగివచ్చి, కొత్త ఉత్పత్తి తోడై ధర మళ్లీ నేలకు వచ్చింది.

అదే కాలంలో, 2022 ఏప్రిల్‌లో నిమ్మకాయ చిల్లర ధర దేశంలోని పలు నగరాల్లో కిలో 200 రూపాయలు దాటడం పాఠకులకు గుర్తుండే ఉంటుంది. రెండిటికీ ముడిపెట్టి మాట్లాడిన వారు లేకపోలేదు. కానీ కాయ ధర పెరగడానికి కారణం 2021 నవంబరు భారీ వర్షాలకు, ఆపై ఎండలకు పూత, పిందె దెబ్బతినడం. పొడి ధరకు కారణం ఓడలు, మొక్కజొన్న, కరెంటు. రెండూ ఒకే వేసవిలో కలవడం కేవలం కాకతాళీయం.

టోకు కొనుగోలుదారు గమనించవలసినవి

ఈ సరకు సాధారణంగా 25 కిలోల సంచుల్లో వస్తుంది. చెన్నై, నవసేవ వంటి ఓడరేవుల్లో దిగి, దిగుమతిదారు నుంచి నగరాల్లోని రసాయనాల టోకు వర్తకులకు, అక్కడి నుంచి పట్టణ దుకాణాలకు చేరుతుంది. ఆర్డరు నుంచి సరకు చేతికి అందే దాకా వారాలు పట్టడం వల్ల, వేసవి పానీయాల గిరాకీకి తగిన సరకును చలికాలంలోనే మాట్లాడుకోవలసి వస్తుంది. డాలరు ధర, చైనా మొక్కజొన్న ధర, ఓడ కిరాయి అనే మూడిటిని చూసిన వర్తకుడికి రాబోయే ధర సుమారుగా అంచనాకు అందుతుంది.

రకాల విషయంలో మాత్రం చాలామంది నష్టపోతున్నారు. మార్కెట్‌లో మోనోహైడ్రేట్, అన్‌హైడ్రస్ అనే రెండు రకాలు ఉన్నాయి. మొదటి దానిలో స్ఫటికంతో పాటు నీరు కలిసి ఉంటుంది, రెండో దానిలో ఉండదు. మోనోహైడ్రేట్‌లో బరువు ప్రకారం 8.6 శాతం నీరే. అంటే 25 కిలోల సంచిలో రెండు కిలోలకు పైగా నీటికి డబ్బు కడుతున్నట్లు. అన్‌హైడ్రస్ కిలో వంద రూపాయలుంటే మోనోహైడ్రేట్ 91 రూపాయలకు దొరికితేనే సమానం. చవకగా కనిపించిన ధర నిజంగా చవకో కాదో ఈ లెక్క తేల్చి చెబుతుంది. పొడి కలిపే మిశ్రమాలకు, నురుగు పొడులకు నీరు లేని రకమే శ్రేయస్కరం. సోడా, షర్బతుల వంటి ద్రవాలకు ఏ రకమైనా పరవాలేదు, పాళ్లు మాత్రం మారతాయి.

వాడకం తీరును బట్టి కూడా సరకు రెండు విధాలు. ఆహారానికి పనికివచ్చేది వేరు, పారిశ్రామిక శుభ్రతకు ఉద్దేశించినది వేరు. రెండూ చూపుకు, రుచికి ఒకటే. తేడా సీసం, ఆర్సెనిక్ వంటి కలుషితాల పరిమితుల్లో ఉంటుంది. కాబట్టి నాలుకతో తేల్చుకోవడం సాధ్యం కాదు, సంచి మీది రాతే ఆధారం. దిగుమతిదారు పేరు, చిరునామా, బ్యాచ్ సంఖ్య, తయారీ తేదీ, ఆహార భద్రతా సంస్థ ఇచ్చే 14 అంకెల లైసెన్సు సంఖ్య ఉన్నదీ లేనిదీ చూడాలి. చిల్లర దుకాణాల్లో విడిగా తూచి కాగితంలో చుట్టి ఇచ్చే పొడికి ఇవేవీ ఉండవు. పెళ్లి వంటలకు, పచ్చళ్లకు వాడేవారు అటువంటి దానిని మానుకోవడమే మేలు.

నిల్వలోనూ జాగ్రత్త అవసరం. పొడి గాలిలో, ఎండ వేడిలో మోనోహైడ్రేట్ నీరు కోల్పోతుంది. వానాకాలం తేమకు రెండు రకాలూ గడ్డ కడతాయి. సంచి మూతి బిగించి, నేలకు ఎత్తున బల్లపై ఉంచాలి. రాగి, ఇత్తడి, అల్యూమినియం పాత్రల్లో దీని ద్రావణాన్ని నిల్వ చేయరాదు. వంట సోడా, బ్లీచింగ్ పొడి పక్కన పెట్టకూడదు. ముఖ్యంగా బ్లీచింగ్ పొడితో కలిస్తే విషవాయువైన క్లోరిన్ వెలువడుతుంది.

మన మొక్కజొన్నతో వీలవుతుందా?

నిమ్మతో కాకపోతే మొక్కజొన్నతోనైనా నిమ్మ ఉప్పును తెలుగు నేలపై తయారుచేయవచ్చునా అన్నది తదుపరి ప్రశ్న. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండూ మొక్కజొన్న బాగా పండే రాష్ట్రాలే. అయితే ఆ గింజకు కోళ్ల దాణా పరిశ్రమ, పిండి పదార్థాల కర్మాగారాలు ఇప్పటికే పోటీపడుతుండగా, ఇటీవలి సంవత్సరాల్లో ఇథనాల్ కర్మాగారాలు కూడా వచ్చి చేరాయి. రైతుకు ఇది శుభవార్తే అయినా ఆమ్లం తయారీకి ముడిసరకు భారమవుతుంది. దీనికి తోడు మురుగు నీటి శుద్ధి, గుట్టలుగా మిగిలే జిప్సం పారబోత, నిరంతర విద్యుత్తు ఖర్చు ఉన్నాయి. సుంకం రక్షణ లేకుండా చైనా ధరతో పోటీపడటం కొత్తగా వచ్చేవారికి కష్టమనే చెప్పాలి.

నిమ్మ రైతుకు దారి ఎటు?

నిమ్మకాయ విలువ దాని ఆమ్లంలో లేదు, మిగిలిన వాటిలో ఉంది. తాజా కాయకు ఉండే వాసన, రుచి పొడికి రావు. పచ్చడి, గడ్డకట్టించిన రసం, తొక్క నుంచి తీసే నూనె, ఎండబెట్టిన కాయ అన్నవి పొడితో పోటీపడనవసరం లేని సరకులు. నిమ్మనూనె సుగంధ పరిశ్రమకు, తొక్కలోని పెక్టిన్ జామ్ తయారీకి అవసరం. ప్రాసెసింగ్ కేంద్రం కోసం అడిగేవారు నిమ్మ ఉప్పు పేరు వదలి వీటిని అడగడం సబబుగా ఉంటుంది.

అన్నిటికంటే ముఖ్యమైనది వేసవి కాపు. గూడూరు, పొదలకూరు మార్కెట్ల నుంచి ఢిల్లీ వంటి ఉత్తరాది నగరాలకు కాయ వెళ్లేది, ధర పలికేది వేసవిలోనే. జనవరి, ఫిబ్రవరి పూత కాయ అయ్యేసరికి ఎండలు తగ్గి వర్షాలు మొదలవుతాయి, అప్పుడు మార్కెట్ నిండిపోతుంది. సెప్టెంబరు, అక్టోబరు పూతను నిలబెట్టుకోగలిగితే కాయ వేసవికి అందుతుంది. ఇందుకు చెట్లను కొంతకాలం నీటికి ఎద్దడి పెట్టి వాడుదేర్చడం సంప్రదాయ పద్ధతి. కానీ నెల్లూరు తీరంలో సరిగ్గా ఆ నెలల్లోనే ఈశాన్య రుతుపవనాల వర్షాలు రావడంతో ఎద్దడి కుదరదు.

అందుకే ఉద్యాన శాస్త్రవేత్తలు మందుల పద్ధతిని సూచించారు. జూన్‌లో లీటరు నీటికి 50 మిల్లీగ్రాముల జిబ్బరెల్లిక్ ఆమ్లం, సెప్టెంబరులో లీటరుకు 1000 మిల్లీగ్రాముల సైకోసెల్, అక్టోబరులో ఒక శాతం పొటాషియం నైట్రేట్ పిచికారీ చేయడం ఆ సిఫారసు. జూన్ మందు అకాలపు పూతను ఆపుతుంది, సెప్టెంబరు మందు కొత్త చిగురును అదుపు చేస్తుంది, అక్టోబరు మందు పూతను రప్పిస్తుంది. చెట్టు వయసు, తోట ఆరోగ్యం బట్టి మోతాదు మారే అవకాశం ఉన్నందున, మండల ఉద్యాన అధికారిని సంప్రదించి మొదటి ఏడాది కొన్ని చెట్లపైనే ప్రయత్నించడం మంచిది.